హెన్రీ షెఫ్లిన్ మేనేజరుగా ఎందుకు గెలిచారు, ఎక్కడ ఆగిపోయారు?

ప్రశ్న అడిగిన వారు డబ్లిన్‌లో ఉంటున్నారు. ఎనిమిదేళ్ల కొడుకు దగ్గరలోని క్లబ్బులో హర్లింగ్ (కర్రతో బంతిని కొట్టే ఐర్లాండ్ ఆట) ఆడుతున్నాడు. శిక్షణలో సాయం చేయమని క్లబ్బు వాళ్లు తండ్రిని కూడా అడిగారు. ఆయన అడిగింది క్లుప్తంగా ఇది: "హెన్రీ షెఫ్లిన్ అంతటి ఆటగాడు రిటైరయ్యాక సొంత ఊరి క్లబ్బుకు మేనేజరై వరుసగా రెండుసార్లు ఆల్-ఐర్లాండ్ టైటిల్ గెలిపించారట. గొప్ప ఆటగాడు కాబట్టే అది సాధ్యమైందా? జీతం లేని పనికి ఆయన ఎందుకు వెళ్లారు? కర్ర పట్టుకోవడం కూడా రాని నాలాంటివాడికి ఆ మైదానంలో ఏం పని?"

ముందు సూటిగా జవాబు చెబుతాను. గొప్ప ఆటగాడు కావడం వల్ల షెఫ్లిన్ మాటను మొదటి రోజున జట్టు నోరు మూసుకుని వింది. ఆ పేరు చేసిన మేలు అంతవరకే. గెలుపు వచ్చింది మాత్రం ఆ ఊరినీ, ఆ కుర్రాళ్లనూ ఆయన లోపలి నుంచి ఎరిగి ఉండటం వల్ల, చేతికి అందిన జట్టు అప్పటికే చాలా బలమైనది కావడం వల్ల. ఇదే మనిషి, ఇదే పేరుతో గాల్వే కౌంటీ (కౌంటీ అంటే మన జిల్లా లాంటిది) జట్టుకు వెళ్లి మూడేళ్లు కష్టపడినా ఒక్క పెద్ద కప్పు కూడా రాలేదు. క్లబ్బు మేనేజరు పని వేరు, కౌంటీ మేనేజరు పని వేరు. ఇక మీ సంగతి: ఎనిమిదేళ్ల పిల్లలకు కావలసింది మాజీ ఆటగాడు కాదు. తప్పకుండా వెళ్లండి. ఎందుకో చివర్లో వివరంగా చెబుతాను.

నేను షెఫ్లిన్ సొంత కౌంటీ కిల్కెన్నీలో పద్నాలుగేళ్లుగా ఉంటున్నాను. మా పెద్దమ్మాయిని క్లబ్బులో చేర్పించిన ఏడాదే నన్నూ లాగారు. అక్కడి నుంచి తొమ్మిదేళ్లుగా పదేళ్లలోపు, పన్నెండేళ్లలోపు పిల్లలకు శిక్షణ ఇస్తున్నాను. నేను ఒక్క మ్యాచ్ కూడా పోటీగా ఆడినవాడిని కాదు. షెఫ్లిన్‌తో నాకు వ్యక్తిగత పరిచయం లేదు. అయితే ఈ కౌంటీలో ఉన్నవాడికి ఆయన కథ తెలియకుండా ఉండటం కష్టం. బడి గేటు దగ్గర, మాంసం కొట్టు దగ్గర, ఎక్కడ నిలబడినా మాట చివరికి హర్లింగ్ మీదికే వస్తుంది.

ఆట తెలియని పాఠకుల కోసం రెండు ముక్కలు. జట్టుకు పదిహేను మంది. చేతిలో యాష్ చెట్టు కలపతో చేసిన కర్ర, దాన్ని హర్లీ అంటారు. బంతి పేరు స్లిటర్, క్రికెట్ బంతి కన్నా తేలిక, పైన తోలు అంచులు ఎత్తుగా ఉంటాయి. ఇంగ్లిష్ హెచ్ అక్షరం ఆకారంలో గోలు స్తంభాలు. అడ్డకమ్మీ పైనుంచి కొడితే ఒక పాయింటు, కింద వలలోకి కొడితే గోలు, దానికి మూడు పాయింట్లు. అందుకే స్కోరు 2-28 అని రాస్తారు: 2 గోల్స్, 28 పాయింట్లు, మొత్తం 34. నేల మీద ఉన్న బంతిని చేత్తో తీయకూడదు, కర్రతోనే పైకి లేపాలి. చేతిలో పట్టుకుని నాలుగు అడుగులకు మించి వేయకూడదు. చిన్నప్పుడు కర్రాబిళ్ళ ఆడినవాళ్లకు గాల్లో ఉన్న వస్తువును కర్రతో కొట్టడం కొత్త కాదు. ఇక్కడ తేడా ఏమిటంటే, మీరు కొట్టే క్షణంలోనే ఎదుటివాడి కర్ర కూడా అదే చోటికి వస్తుంది.

ఈ ఆటను నడిపేది గేలిక్ అథ్లెటిక్ అసోసియేషన్, అందరూ జీఏఏ అంటారు. 1884లో థర్లెస్ అనే పట్టణంలో పుట్టింది. దీని గురించి మీరు అన్నిటికన్నా ముందు తెలుసుకోవలసిన సంగతి: ఆటగాళ్లకు జీతాలు లేవు. డబ్లిన్‌లోని క్రోక్ పార్క్ స్టేడియంలో ఎనభై వేల మంది ముందు ఆదివారం ఫైనల్ ఆడినవాడు రెండు రోజులకు బడిలో పాఠం చెబుతూనో, బ్యాంకు కౌంటర్ దగ్గరో కనిపిస్తాడు. ఇంకో సంగతి, మామూలుగా ఆటగాడు తాను పెరిగిన ఊరి క్లబ్బుకే ఆడతాడు. ఆటగాళ్ల కొనుగోలు, అమ్మకం అనే మాటే లేదు. క్లబ్బులో బాగా ఆడినవాళ్లను కౌంటీ జట్టుకు ఎంపిక చేస్తారు. అంటే ఒక ఆటగాడికి రెండు జెర్సీలు ఉంటాయి, ఊరిది ఒకటి, కౌంటీది ఒకటి. క్లబ్బులకూ, కౌంటీలకూ వేర్వేరుగా దేశవ్యాప్త పోటీ ఉంటుంది, దాన్నే ఆల్-ఐర్లాండ్ అంటారు. షెఫ్లిన్ జీవితం అర్థం కావాలంటే ఈ రెండు జెర్సీల సంగతి మరిచిపోకూడదు.

ఆయన 1979 జనవరిలో పుట్టారు. ఊరు బ్యాలీహేల్, కిల్కెన్నీ కౌంటీ దక్షిణాన ఉన్న చిన్న పల్లె. తల్లిదండ్రులు అక్కడే పబ్బు నడిపేవారు. ఐర్లాండ్ పల్లెల్లో పబ్బు అంటే మన ఊళ్ల రచ్చబండ లాంటిదే. మ్యాచ్ ముగిశాక అందరూ చేరేది, ఎవరు సరిగ్గా ఆడలేదో తేల్చేది అక్కడే. సెయింట్ కీరన్స్ కాలేజీలో చదువు, తర్వాత వాటర్‌ఫర్డ్‌లో ఉన్నత విద్య, ఆపైన బ్యాంక్ ఆఫ్ ఐర్లాండ్‌లో ఉద్యోగం. కౌంటీ సీనియర్ జట్టులోకి 1999లో వచ్చారు. ఆ ఏడాది ఫైనల్లో కార్క్ చేతిలో ఒక్క పాయింటు తేడాతో ఓటమి. మరుసటి ఏడాది ఆఫలీ మీద మొదటి ఆల్-ఐర్లాండ్ పతకం. తర్వాత 2002, 2003, 2006 నుంచి 2009 వరకు వరుసగా నాలుగు, 2011, 2012, 2014. మొత్తం పది. పాత తరం మేటి ఆటగాళ్లు క్రిస్టీ రింగ్, జాన్ డాయిల్ చెరి ఎనిమిది దగ్గర ఆగారు. మైదానంలో ఆడి పది గెలిచిన మొదటి మనిషి షెఫ్లినే. ఏడాది మేటి జట్టుకు ఎంపికైనవాళ్లకిచ్చే ఆల్‌స్టార్ పురస్కారాలు పదకొండు, మూడుసార్లు ఏడాది మేటి హర్లర్ గౌరవం: 2002, 2006, 2012.

ఈ అంకెలు ఎక్కడైనా దొరుకుతాయి. నేను మీకు చెప్పాలనుకుంటున్నవి రెండు సందర్భాలు, ఎందుకంటే తర్వాత ఆయన మేనేజరుగా ఎలా ఆలోచించారో వాటిలో నాకు కనిపిస్తుంది.

మొదటిది 2010. కిల్కెన్నీ వరుసగా ఐదో టైటిల్ కోసం ఆడుతోంది. ఆగస్టులో సెమీఫైనల్లో షెఫ్లిన్ మోకాలి లిగమెంటు తెగింది. మామూలుగా అది నెలల తరబడి ఆటకు దూరం చేసే గాయం. ఆయన కొన్ని వారాల్లోనే సిద్ధమై ఫైనల్ మొదలుపెట్టారు. పావుగంట కూడా గడవకముందే మోకాలు మొరాయించింది, బయటికి రావలసి వచ్చింది. టిప్పరరీ గెలిచింది. ఆ నిర్ణయం ధైర్యమా, తప్పా అని ఇక్కడ ఇప్పటికీ వాదించుకుంటారు. నా మటుకు నాకు అది తప్పే అనిపిస్తుంది. గాయపడిన మనిషి "నేను ఆడగలను" అంటే నమ్మాలా వద్దా అన్న ప్రశ్నకు రెండో వైపున కూర్చునే రోజు తర్వాత ఆయనకే వచ్చింది. నొప్పిని దాచుకునే ఆటగాడి కళ్లు ఎలా ఉంటాయో ఆయనకు వేరెవరూ చెప్పనక్కర్లేదు.

రెండోది 2012 ఫైనల్. ప్రత్యర్థి గాల్వే. ఆట ఇక ముగియబోతోంది, స్కోరు సమానం, కిల్కెన్నీకి పెనాల్టీ వచ్చింది. గోలు కొడితే మూడు పాయింట్లు, మ్యాచ్ దాదాపు చేతిలోకి వస్తుంది. గోలుకీపరు ఆపేస్తే ఏమీ మిగలదు. షెఫ్లిన్ బంతిని అడ్డకమ్మీ పైనుంచి కొట్టి ఒక్క పాయింటు తీసుకున్నారు. అదనపు సమయంలో గాల్వే ఆటగాడు జో క్యానింగ్ ఫౌల్ వల్ల వచ్చిన ఫ్రీ కొట్టి సమం చేశారు. మ్యాచ్ మళ్లీ ఆడవలసి వచ్చింది, ఈసారి కిల్కెన్నీ తేలిగ్గా గెలిచింది. చేతికి వచ్చింది వదలకపోవడం, మిగిలిన పనిని జట్టు మీద నమ్మకంతో వదిలేయడం ఆయన తీరు. హీరో కావాలన్న తొందర అందులో లేదు. పిల్లలకు ఈ పెనాల్టీ చూపించి "మీరైతే ఏం చేసేవాళ్లు?" అని అడుగుతుంటాను. దాదాపు అందరూ గోలే కొడతామంటారు, పన్నెండేళ్ల వయసులో అలాగే అనాలి కూడా.

ఇప్పుడు ఊరి జెర్సీ సంగతి. బ్యాలీహేల్ షామ్రాక్స్ క్లబ్బు 1972లో ఏర్పడింది. ఒక చిన్న పారిష్ (ఒక చర్చి పరిధిలోని ప్రాంతం)లోని కొన్ని కుటుంబాలే దాన్ని మోశాయి. ఫెన్నెలీ, రీడ్, షెఫ్లిన్, మళ్లీ మళ్లీ అవే ఇంటిపేర్లు వినిపిస్తాయి. షెఫ్లిన్ ఆటగాడిగా ఆ క్లబ్బుతో 2007, 2010, 2015లో ఆల్-ఐర్లాండ్ క్లబ్ టైటిళ్లు గెలిచారు. కిల్కెన్నీలో ఒక పాత ఆచారం ఉంది. కౌంటీ ఛాంపియన్ అయిన క్లబ్బు తరఫు ఆటగాడు మరుసటి ఏడాది కౌంటీ జట్టుకు నాయకుడవుతాడు. 2007లో షెఫ్లిన్ కెప్టెన్ అయింది అలాగే, ఆయన ఊరు ముందటి ఏడాది కౌంటీ గెలిచింది కాబట్టి. ఆ ఏడాది ఆల్-ఐర్లాండ్ ఫైనల్లోనూ మోకాలు దెబ్బతిని సగం ఆట తర్వాత బయటికి వచ్చారు, చివరికి కప్పు అందుకున్నారు. తనకు దక్కిన అతి పెద్ద గౌరవం ఊరివాళ్లు గెలవడం వల్ల చేతికి వచ్చినప్పుడు, ఆ ఊరికి మనిషి ఎంత కట్టుబడి ఉంటాడో ఊహించుకోండి.

2015 మార్చి 17న, సెయింట్ ప్యాట్రిక్ పండుగ నాడు, క్లబ్బు ఫైనల్ గెలిచారు. ఆ తర్వాత కొద్ది రోజులకే కౌంటీ ఆటకు వీడ్కోలు పలికారు. ఊరి జట్టుకు మాత్రం ఇంకొంత కాలం ఆడారు. 2018 సీజన్‌కు అదే జట్టుకు మేనేజరయ్యారు.

"జీతం లేని పనికి ఎందుకు వెళ్లారు?" అన్న మీ ప్రశ్నకు జవాబు ఇక్కడే ఉంది. క్లబ్బు మేనేజరు పదవిని ఇక్కడ ఎవరూ ఉద్యోగంగా చూడరు. చిన్నప్పుడు మిమ్మల్ని వాన్‌లో కుక్కుకుని మ్యాచ్‌లకు తీసుకెళ్లినవాళ్లు, వలలు కట్టినవాళ్లు, విరిగిన హర్లీలకు ఇనుప పట్టీలు బిగించి ఇచ్చినవాళ్లు ఒక్క యూరో తీసుకోలేదు. మీ వంతు వచ్చినప్పుడు మీరు చేస్తారు. నిబంధనల ప్రకారం మేనేజరుకు ఖర్చులు మాత్రమే ఇవ్వాలి. బయటి ఊళ్ల నుంచి వచ్చే మేనేజర్లకు చాటుగా డబ్బు ముడుతోందన్న వివాదం చాలాకాలంగా ఉంది, 2012లో జీఏఏ స్వయంగా ఈ విషయం మీద ఒక చర్చాపత్రం బయటపెట్టింది. కాబట్టి అంతా స్వచ్ఛమని నేను చెప్పను. సొంత ఊరి జట్టును నడిపే మనిషి విషయంలో మాత్రం ఆ మాట రాదు. షెఫ్లిన్‌కు బతుకుతెరువు వేరే ఉంది, టీవీలో విశ్లేషకుడిగానూ కనిపించేవారు. సాయంత్రాలు మైదానానివి.

ఆ సాయంత్రాలు ఎలా ఉంటాయో చెప్పకపోతే ఈ జవాబు పూర్తి కాదు. క్లబ్బు పోటీలు శరదృతువులో కౌంటీ ఫైనల్‌తో ముగుస్తాయి. గెలిస్తే లెన్‌స్టర్ ప్రాంతీయ పోటీ, అది గెలిస్తే ఆల్-ఐర్లాండ్ సెమీఫైనల్, తర్వాత ఫైనల్. అంటే నవంబరు, డిసెంబరు, జనవరి, 2019 వరకైతే మార్చి దాకా. సాయంత్రం ఐదుకే చీకటి. ఫ్లడ్‌లైట్ల కింద వాన సూదుల్లా ఏటవాలుగా పడుతుంది. స్లిటర్ నీళ్లు పీల్చి బరువెక్కుతుంది, కర్రకు తగిలినప్పుడు "టక్" అనే చప్పుడు పోయి తడిబట్ట విసిరినట్టు మెత్తగా వినిపిస్తుంది. చేతులు మొద్దుబారి హర్లీ పట్టు జారుతుంది. కొందరు ఆటగాళ్లు అప్పుడే పని నుంచి వచ్చి కారు డిక్కీ దగ్గర బూట్లు వేసుకుంటూ ఉంటారు. మేనేజరు అందరికన్నా ముందు వచ్చి మైదానంలో గుర్తులుగా శంకువులు పెట్టి, అందరూ వెళ్లాక లైట్లు ఆర్పి వెళతాడు. మ్యాచ్ రోజున ఆయన వేసుకునే పైకోటు మీద ఐరిష్ భాషలో "బానిష్‌టోర్" అని ఉంటుంది, మేనేజరు అని అర్థం. ఆ కోటు వేసుకునేది గంటన్నర, దాని వెనకాల ఏడాదంతా ఉంటుంది.

ఇంకో చిక్కు. బ్యాలీహేల్ లాంటి క్లబ్బులో మేటి ఆటగాళ్లు కౌంటీ జట్టులో ఉంటారు. టీజే రీడ్, కోలిన్ ఫెన్నెలీ, జోయి హోల్డెన్, అప్పటి కుర్రవాడు ఏడ్రియన్ మల్లెన్, వీళ్లంతా షెఫ్లిన్ కాలంలో ఏడాదిలో పెద్ద భాగం కిల్కెన్నీ జట్టు శిక్షణలోనే గడిపేవారు. క్లబ్బు మేనేజరుకు ఆ కాలమంతా మిగిలేది తక్కినవాళ్లే. పెద్దవాళ్లు తిరిగి వచ్చే రోజుకు ఈ తక్కినవాళ్లు వాళ్ల పక్కన నిలబడగలిగేలా ఉండాలి. కౌంటీ తారలు వచ్చి చేరగానే, నెలల తరబడి బురదలో పరుగెత్తిన కుర్రాణ్ని బెంచీ మీద కూర్చోబెట్టాలి. ఆ కుర్రాడి తల్లి రేపు దుకాణంలో ఎదురవుతుంది. క్లబ్బు మేనేజరు పనిలో అన్నిటికన్నా బరువైనది ఇదే, వ్యూహం కాదు. షెఫ్లిన్ పేరు అక్కరకు వచ్చింది ఇలాంటి చోటే. ఆయన "ఈ వారం నువ్వు ఆడటం లేదు" అంటే, పది పతకాలు ఉన్న మనిషి అన్నమాట కాబట్టి ఇంట్లో వాళ్లు కూడా ఒకసారి ఆలోచిస్తారు.

2019 మార్చి 17న క్రోక్ పార్క్‌లో గాల్వేకు చెందిన సెయింట్ థామస్ మీద ఫైనల్: 2-28, ఎదుటివాళ్లు 0-11. మొత్తం 34కు 11. ఆ రోజు నేను మా పిల్లలతో టీవీ ముందు ఉన్నాను. సగం ఆట అయ్యేసరికే పిల్లలు బయటికి వెళ్లి గోడకు బంతి కొట్టుకోవడం మొదలుపెట్టారు, ఫలితం అంత తేలిపోయింది. నాకు ఎక్కువ నచ్చింది రెండోది. 2020 జనవరి 19, టిప్పరరీకి చెందిన బారిస్-ఐలీ మీద. 0-18కి 0-15. ఒక్క గోలు కూడా పడలేదు. శీతాకాలపు బరువైన మైదానం మీద ప్రతి బంతికీ ఇద్దరు ముగ్గురు కలబడ్డారు. జట్టు బాగా ఆడని రోజున, ప్రత్యర్థి వదలని రోజున, తొందరపడకుండా ఒక్కో పాయింటు పోగు చేసుకుని గెలవడం ఆ జట్టుకు తెలుసు. 2012 పెనాల్టీ నాకు గుర్తొచ్చింది అప్పుడే. ఆ రెండో టైటిల్ తర్వాత కొద్ది కాలానికి ఆయన ఆ బాధ్యత నుంచి తప్పుకున్నారు.

ఇక్కడ మీకు ఒక హెచ్చరిక. రెండేళ్లలో రెండు టైటిళ్లు అనగానే అంతా మేనేజరు మహిమ అనుకోకండి. ఆ జట్టు ఆయన మేనేజరు కాకముందే 2015లో గెలిచింది. ఆయన వెళ్లిన తర్వాత 2022 ఫైనల్‌కు వచ్చి, చివరి క్షణంలో పడిన గోలుతో వాటర్‌ఫర్డ్‌కు చెందిన బ్యాలీగన్నర్ చేతిలో ఓడింది. 2023లో డన్‌లాయ్ మీద మళ్లీ గెలిచి మొత్తం తొమ్మిది టైటిళ్లకు చేరింది, మరే క్లబ్బుకూ అన్ని లేవు. ఇలాంటి జట్టును నడపడం తేలిక అని నా ఉద్దేశం కాదు. అన్నీ గెలిచినవాళ్లను మళ్లీ ఆకలితో బరిలోకి దించడం ఎంత కష్టమో ఆయనకు ఆటగాడిగా అనుభవం. ఆయన పదహారు సీజన్లు బ్రయన్ కోడీ కింద ఆడారు. కోడీ వృత్తిరీత్యా బడి ప్రధానోపాధ్యాయుడు, కిల్కెన్నీ మేనేజరుగా పదకొండు ఆల్-ఐర్లాండ్‌లు గెలిచిన మనిషి. పోయిన ఏడాది పతకం ఈ ఏడాది చోటుకు హామీ కాదన్నది ఆయన పద్ధతి. 2014లో షెఫ్లిన్ అంతటి మనిషే ఎక్కువ భాగం బెంచీ మీద కూర్చున్నారు, పదో పతకం ప్రత్యామ్నాయ ఆటగాడిగా మైదానంలోకి దిగి సంపాదించారు. బెంచీ మీద కూర్చోవడం ఎలా ఉంటుందో ఎరిగిన గొప్ప ఆటగాళ్లు తక్కువ. మేనేజరుగా ఆయనకు పనికొచ్చిన అనుభవాల్లో ఆ ఏడాదిని నేను ముందు వరుసలో పెడతాను.

ఇక గాల్వే. 2021 శరదృతువులో ఆయన గాల్వే కౌంటీ మేనేజరుగా వెళ్లారు. 2012లో పెనాల్టీ వేళ ఎదురుగా నిలబడిన కౌంటీ అదే. కిల్కెన్నీ వాళ్లకు ఇది మింగుడు పడలేదు, మా వీధిలోనే చాలామంది ముఖాలు చిన్నబోయాయి. 2022 మే నెల మొదటి రోజున సాల్ట్‌హిల్‌లో గాల్వే ఒక్క పాయింటు తేడాతో కిల్కెన్నీని ఓడించింది. ఆట ముగిశాక గురువు కోడీకీ, శిష్యుడికీ మధ్య కరచాలనం ఎంత ముక్తసరిగా సాగిందో దేశమంతా వారం రోజులు మాట్లాడుకుంది. లెన్‌స్టర్ ఫైనల్లో కిల్కెన్నీ బదులు తీర్చుకుంది. ఆల్-ఐర్లాండ్ సెమీఫైనల్లో గాల్వే లిమరిక్ చేతిలో మూడు పాయింట్ల తేడాతో ఓడింది. 2023 లెన్‌స్టర్ ఫైనల్ ఇంకా బాధాకరం. గెలుపు చేతిలో ఉండగా చివరి క్షణంలో కిల్కెన్నీ ఆటగాడు కిల్లియన్ బక్లీ గోలు కొట్టారు: 4-21కి 2-26. ఒక్క పాయింటు. 2024లో గాల్వే ప్రాంతీయ దశ దాటలేదు, షెఫ్లిన్ తప్పుకున్నారు.

ఎందుకిలా అయింది? అదృష్టం కొంత. ఆ బక్లీ గోలు పడకపోతే ఈ కథను వేరేగా రాసేవాళ్లం. ఆ కాలంలో లిమరిక్ అసాధారణమైన జట్టు అన్నదీ నిజం. కానీ అసలు తేడా నాకు మరోచోట కనిపిస్తుంది. బ్యాలీహేల్‌లో ఆయనకు ప్రతి ఆటగాడి ఇల్లు తెలుసు. ఎవడికి కోపం వస్తే ఆట మెరుగవుతుందో, ఎవడు గట్టిగా అంటే ముడుచుకుపోతాడో, ఎవడి తండ్రి ఏ మాటకు నొచ్చుకుంటాడో కొత్తగా తెలుసుకోవలసిన పని లేదు. గాల్వేలో అవన్నీ మొదటి నుంచి నేర్చుకోవాలి. అది కూడా ఇంటి నుంచి రెండు గంటలకు పైగా కారు నడిపి వెళ్లి, వారానికి కొన్ని సాయంత్రాల్లో. ఆటగాళ్లు ఎన్నో క్లబ్బుల నుంచి వస్తారు, వాళ్ల ఊళ్ల పాత వైరాలు వాళ్లతోపాటే వస్తాయి. క్లబ్బులో ఆయన కొడుకు వరస, అన్న వరస. అక్కడ ఆయన అతిథి.

పోలికకు లిమరిక్ మేనేజరు జాన్ కీలీని చూడండి. ఆయనా బడి ప్రధానోపాధ్యాయుడే. ఆటగాడిగా షెఫ్లిన్ పక్కన పెట్టదగిన పేరు కాదు. కానీ సొంత కౌంటీకి 2018లోనూ, 2020 నుంచి 2023 వరకు వరుసగానూ ఆల్-ఐర్లాండ్ గెలిపించారు. అందుకే ఆటలో గొప్పతనాన్నీ ఆట నేర్పడంలో గొప్పతనాన్నీ ఒకే త్రాసులో తూచకండి అని మా క్లబ్బులో కొత్తగా చేరే తల్లిదండ్రులకు చెబుతుంటాను.

నా అనుభవంలో ఒకటి చెబుతాను. కొన్నేళ్ల కిందట మా పన్నెండేళ్లలోపు జట్టుకు ఒక మంచి మాజీ ఆటగాడు సాయానికి వచ్చారు. పేరు వద్దు. అంత సొగసైన ఆట నేను దగ్గర నుంచి చూడలేదు. నేల మీది బంతిని పరుగు ఆపకుండా కర్ర మొనతో లేపి చేతిలోకి తీసుకునేవారు, కన్ను ఆర్పేలోగా అయిపోయేది. పిల్లలు అడిగారు, ఎలా అని. ఆయన మళ్లీ చేసి చూపించారు. మళ్లీ అడిగారు. మళ్లీ అదే వేగంతో చూపించారు. "ఇలా" అనడం తప్ప ఆయన దగ్గర మాట లేదు, ఎందుకంటే నాలుగేళ్ల వయసులో చేతికి వచ్చిన పని అది, దానికి మెట్లు ఉన్నాయన్న సంగతే ఆయనకు గుర్తు లేదు. వెనక వరుసలో ఒక పాప కర్ర కింద పెట్టేసి గడ్డి పీకుతూ కూర్చుంది.

నాకు ఆ విద్య ముప్పై ఎనిమిదేళ్ల వయసులో వచ్చింది, అదీ మా పెరట్లో రెండు నెలలు తిప్పలు పడ్డాక. కాబట్టి దాని మెట్లన్నీ గుర్తున్నాయి. బంతి పక్కకు పాదం రావాలి, వెనక ఉండకూడదు. నడుము కాదు, మోకాళ్లు వంచాలి. కర్ర దాదాపు నేలను ఆనుకుని ఉండాలి, నిలువుగా ఉంటే బంతిని తోసేస్తుంది కానీ లేపదు. కర్ర పట్టిన చేతి బొటనవేలు కర్ర వెడల్పు చివర వైపు చూడాలి. మొన బంతి కిందికి వెళ్లాక చిన్న కుదుపు, అంతే. ఆ పాప పక్కన మోకాళ్ల మీద కూర్చుని, బొటనవేలు ఎటు చూస్తోందో మాత్రమే సరిచేశాను. ఆరేడు ప్రయత్నాల తర్వాత బంతి కొంచెం లేచి ఆమె అరచేతికి తగిలి పడిపోయింది. పట్టుకోలేకపోయినా ఆమె కళ్లు పెద్దవయ్యాయి. తర్వాతి వారం మైదానానికి అందరికన్నా ముందు వచ్చింది. ఆ మాజీ ఆటగాణ్ని నేను తక్కువ చేయడం లేదు. ఆయన్ను తర్వాత పదహారేళ్లలోపు జట్టుకు ఇచ్చాం, అక్కడ ఆయన అద్భుతంగా రాణించారు. ఆ వయసు వాళ్లకు చూపిస్తే చాలు, మెట్లు అప్పటికే వచ్చి ఉంటాయి.

మీరు అడిగిన చివరి మాటకు వస్తాను. ఎనిమిదేళ్ల పిల్లల స్థాయిలో గెలుపోటములకు ప్రాధాన్యం లేదు. చిన్న జట్లతో, చిన్న మైదానంలో, ప్రతి పిల్లవాడికీ పూర్తి ఆట దక్కేలా జీఏఏ నియమాలు పెట్టింది. మీరు ముందుగా పోలీసు శాఖ ద్వారా జరిగే నేపథ్య పరిశీలన పూర్తి చేయాలి, పిల్లల భద్రత మీద ఒక కోర్సు, కోచింగ్ ప్రాథమిక కోర్సు చేయాలి. క్లబ్బే ఏర్పాటు చేస్తుంది. మొదటి నెలలో మీ పని శంకువులు పెట్టడం, బూట్ల లేసులు కట్టడం, హెల్మెట్ పట్టీ బిగుతుగా ఉందో లేదో చూడడం. హెల్మెట్ లేకుండా ఒక్కరినీ మైదానంలోకి రానివ్వకండి, రెండు నిమిషాల సరదా ఆటకైనా సరే.

హర్లీ కొలత సంగతి కూడా చెప్పాలి, ఎందుకంటే మన తల్లిదండ్రులు దాదాపు అందరూ చేసే పొరపాటు ఇది, నేనూ చేశాను. పిల్లవాడు ఎదుగుతాడు కదా అని రెండేళ్లకు సరిపోయే పెద్ద కర్ర కొంటాం. నిటారుగా నిలబడి కర్రను పక్కన నేల మీద ఆనిస్తే దాని పైభాగం తుంటి ఎముక దగ్గరికి రావాలి, అంతకు మించితే మణికట్టు తిరగదు, పిల్లవాడు గొడ్డలి ఊపినట్టు ఊపడం అలవాటు చేసుకుంటాడు. ఆ అలవాటు మాన్పించడానికి మా అమ్మాయికి ఏడాది పట్టింది. ఇంకో మాట, రోజూ పదిహేను నిమిషాలు గోడకు బంతి కొట్టమనండి, కుడి వైపు కొన్ని, ఎడమ వైపు కొన్ని. వీలైతే మీరూ పక్కన నిలబడి కొట్టండి. మీరు తప్పుతుంటే వాడు నవ్వుతాడు, నవ్వనివ్వండి.

శరదృతువులో ఒక ఆదివారం తీరిక చేసుకుని కిల్కెన్నీ క్లబ్బు పోటీలకు రండి, అక్కడి స్టేడియం నోలన్ పార్క్, రైల్వే స్టేషన్‌కు నడక దూరమే. బ్యాలీహేల్ ఆడుతుంటే మరీ మంచిది. బంతిని కాకుండా ఓ పది నిమిషాలు గీత పక్కన కోటు వేసుకుని నిలబడిన మనిషిని మాత్రమే చూడండి. ఆయన ఎవరిని పేరు పెట్టి పిలుస్తున్నారో, బయటికి వచ్చిన కుర్రాడి భుజం మీద చెయ్యి వేస్తున్నారో లేదో గమనించండి. మీ అబ్బాయిని కూడా వెంట తెచ్చుకోండి, హర్లీ మరిచిపోవద్దు. సగం ఆట విరామంలో పిల్లలు ఎక్కడ కాస్త గడ్డి దొరికితే అక్కడ బంతి కొట్టుకుంటారు, వాణ్ని ఎవరూ ఏ ఊరని అడగరు.